మైనం కరిగిన చోటు

ఏమీ లేని నాడు ఎవ్వరున్నారమ్మా
ఎవ్వరూ లేకుంటే ఏడ్చిందెవరమ్మా
నీరు లేని నాడు...

నీరు లేని నాడు ఏమయిందో, ఆ ముక్క పోయిందే పిట్టా. చిన్నప్పుడు చింతపిక్కలాడుకుంటూ పాడేవాళ్ళం. సగం పాట అప్పుడే ఏ అరుగు మీదో జారిపోయుంటుంది. పాట పోయినా దాని వెనకాల కథ ఉండిపోయింది. కాళ్ళు దుప్పట్లోకి లాక్కో. ఊఁ కొడుతూ ఉండు, నువ్వు ఊఁ కొట్టకపోతే ఈ కథ అడుగు తీసి అడుగు వెయ్యదు.

అనగనగా ఒక ఊళ్ళో, ఊరంటే మామూలు ఊరు కాదు, దాంతో లోకం ఆఖరు. పేరు అంచుపాలెం. ఊరికి మూడు వైపులా చేలు. నాలుగో వైపు ఏమీ లేదు.

ఏమీ లేదంటే ఏ ఎడారో, ఏ చీకటో అనుకునేవు. కాదు. చీకటైతే చీకటి ఉన్నట్టే కదా. నేను మనవలు పుట్టాక పలక పట్టినదాన్ని. పలక మీద అక్షరం చెరిపేస్తే నల్లటి పలక మిగులుతుంది. అక్కడ పలక కూడా లేదు. దాన్ని ఆ ఊరివాళ్ళు బయలు అనేవాళ్ళు. లోకం పుట్టకముందు అంతటా అదేనట. వాకిలంతా ముగ్గేసి ఒక మూల వదిలేసినట్టు, లోకం పుట్టాక ఆ చివర్న కాస్త బయలు మిగిలిపోయింది.

బయలు ఊరికే ఉండేది కాదు. చప్పుడు లేని చోటు చూసుకుని లోపలికి వచ్చేది. వచ్చి ఏదో ఒకటి పట్టుకుపోయేది. అందుకని ఊరివాళ్ళు అంచు పొడుగునా గుంజలు పాతి, గుంజలకి తాడు కట్టి, ఆ తాడుకి కంచు గంటలు వేలాడదీశారు. చేల మీంచి వచ్చే గాలికి అవి మోగుతూ ఉండేవి. ఆ మోత వింటే బయలు అక్కడే ఆగేది.

ఆ గంటలు ఎవరివనుకున్నావు? పోయినవాళ్ళవి.

ఆ ఊళ్ళో ఒక ఆనవాయితీ ఉంది. పాలపళ్ళు ఊడి గట్టిపళ్ళు రాగానే, ఎవరి గంట వాళ్ళే చేసుకోవాలి. కంచుతో కాదు, మైనంతో. తేనెపట్టు మైనం తెచ్చి, కాస్త గుగ్గిలం కలిపి, వేళ్ళతో ఒత్తి ఒత్తి ఒక బుల్లి గంట. అది నీళ్ళకుండల వెనకాల, చల్లటి చోట దాచుకోవాలి. బతికున్నన్నాళ్ళూ మనిషే గంట. నడుస్తారు, దగ్గుతారు, తిట్టుకుంటారు, ఆ చప్పుడు చాలు బయలుకి. మనిషి పోతే ఆ చప్పుడు ఆగిపోతుంది కదా. అప్పుడు ఆ మైనం గంటకి మట్టి పూత పూసి, ఆరబెట్టి, నిప్పుల మీద పెడతారు. లోపలి మైనం కరిగి చిన్న కన్నంలోంచి కారిపోతుంది. ఒక్క చుక్క కూడా పట్టి ఉంచుకోకూడదు, దీపానికైనా వాడకూడదు. అంతా బయల్లోకి పారబొయ్యాలి. ఆ తర్వాత మట్టిలో మిగిలిన ఖాళీలో కాగిన కంచు పోస్తారు. చల్లారాక మట్టి పగలగొడితే గంట. పోయినవాళ్ళ వేలిముద్రలతో సహా.

ఊఁ అన్నావా? సరే.

ఆ ఊళ్ళో ముత్తెమ్మ అని ఒకావిడ ఉండేది. ఆ గంటల తాడు చూసుకునే పని ఆమెది. ముడి జారితే బిగించేది, తాడు చివికితే కొత్తది పేనేది. మనిషి నల్లగా, పొట్టిగా ఉండేది. తాడు మీద వేలాడే ముసలాళ్ళందరితోనూ మాట్లాడేది. ఏం మావా, గొంతు బొంగురుపోయిందేం, ఆముదం రాయమంటావా అనేది ఒక గంటతో. బతికున్నప్పుడూ ఇంతే, ఆగి ఆగి మోగేవాడివి అనేది ఇంకో గంటతో. ఆమెకి మొగుడు లేడు. ఒక్కతే కూతురు, గవ్వ. దానికి అప్పుడప్పుడే గట్టిపళ్ళు వస్తున్నాయి.

ఒకరోజు పొద్దు బారెడెక్కాక ఒక గుంజ కదిలిందని కబురొచ్చింది. ముత్తెమ్మ తాడు భుజాన వేసుకుని వెళ్ళింది. మధ్యాహ్నమయినా రాలేదు. అప్పుడు ఊరివాళ్ళు వెళ్ళి చూశారు. గుంజ గట్టిగానే పాతి ఉంది. ముడి బిగించి ఉంది. మెత్తటి మట్టిలో ఆమె అడుగులు అంచు దాకా ఉన్నాయి. తిరిగొచ్చిన అడుగులు లేవు.

ఆ తర్వాత గవ్వ మేనమామ మాదయ్య వచ్చాడు. ఊళ్ళో కొలిమి అతనిదే, గంటలు పోసేది అతనే. ఏడ్చి ఏడ్చి కళ్ళు వాచిపోయి ఉన్నాడు. మీ అమ్మ మైనం ఇవ్వవే తల్లీ, తాడు మీద దాని చోటు ఖాళీగా ఉంది అన్నాడు.

గవ్వ ఇవ్వనంది.

"మైనం కరిగిస్తే అమ్మ చచ్చిపోయినట్టు మావా. కరిగించకపోతే ఇంకా రానట్టు."

మాదయ్య కండువాతో కళ్ళు తుడుచుకున్నాడు. పసిది, రేపు మనసు మారుతుందిలే అని వెళ్ళిపోయాడు. అప్పుడు గవ్వ నీళ్ళకుండల వెనకనుంచి మైనం గంట తీసింది. దాని భుజం మీద వాళ్ళమ్మ అయిదు వేళ్ళూ అచ్చు పడి ఉన్నాయి, చిన్నపిల్లప్పటి వేళ్ళు. గవ్వ తన వేళ్ళు వాటి మీద పెట్టి చూసుకుంది. సరిగ్గా సరిపోయాయి. మావయ్య వెతికితే దొరక్కూడదని దాన్ని గుడ్డలో చుట్టి ఒళ్ళో దాచుకుంది. కూర్చున్నా ఒళ్ళోనే, పడుకున్నా పొట్టకి హత్తుకునే.

అప్పుడు ఆ ఖాళీ చోటులోంచి బయలు మొదటిసారి వచ్చింది.

ఏం పట్టుకుపోయిందో ముందు ఎవరికీ తెలియలేదు. ఊరంతా అత్తలు కోడళ్ళ మీద విరుచుకుపడ్డారు, పప్పులో ఉప్పెయ్యడం కూడా చేతకాదా అని. కోడళ్ళు వేశాం అంటారు. ఇంకో గుప్పెడు వేశారు, ఇంకో గుప్పెడు వేశారు. కుండలో ఉప్పు ఉంది, ఉప్పుదనం లేదు. కోడళ్ళు ఏడ్చారు, కన్నీళ్ళు పెదాల మీదికి జారాయి. అవీ చప్పగానే ఉన్నాయి. అప్పుడు తెలిసింది అందరికీ.

మాదయ్య మళ్ళీ వచ్చి అడిగాడు. గవ్వ మళ్ళీ ఇవ్వనంది. ఉప్పు లేకపోతే చింతపండు వేసుకోండి అంది. మొండిది.

వాళ్ళ పక్కింట్లో పోలి అని ఒకామె ఉండేది. నోరు పెద్దది. వాకిట్లో నిలబడి చేతులు తిప్పుతూ అరిచింది. నీకొక్కదానికేనా అమ్మ పోయింది, మా అమ్మ పోలేదా, మా అత్త పోలేదా, తాడు మీద మోగట్లేదా, నీ గుప్పెడు మైనం కోసం ఊరంతా చప్పిడి తిని చావాలా అంది. గవ్వ లోపలికి పోయి తలుపేసుకుంది. పోలి కాసేపు తలుపుని తిట్టింది. ఆ తర్వాత, పిల్ల ఏం తిన్నదో ఏమో అని గొణుక్కుంటూ పొయ్యి మీద జొన్న జావ పెట్టింది. పోలి అంతే, తిడుతూ పెడుతుంది.

ఆ సాయంత్రం బయలు రెండోసారి వచ్చింది.

తెల్లవారి ఊళ్ళోవాళ్ళు చూస్తే గవ్వ ఇంటి పక్కన ఒక ఇల్లుంది. పొయ్యి మీద జావ మాడి అడుగంటింది. దండెం మీద చీర ఆరుతోంది. ఎవరిదీ ఇల్లు అని ఒకళ్ళనొకళ్ళు అడిగారు. ఎవరికీ తెలియలేదు. ఇక్కడెవరూ ఉండేవాళ్ళు కాదు కదా అన్నారు. జావ ఎవరు పెట్టారబ్బా అన్నారు. గవ్వని అడిగితే, నాకూ తెలీదు అంది. నిజంగానే తెలీదు దానికి.

పోలి అనే మనిషి ఉండేదని ఇప్పుడు నీకూ నాకూ తప్ప ఎవరికీ తెలీదు పిట్టా. ఎవరూ ఏడవలేదు కూడా. పోయినట్టు తెలిస్తేనే కదా ఏడ్చేది. పోలి మైనం గంట కూడా కనపడలేదు. ఆమెనీ, ఆమె పేరునీ, ఆమె మైనాన్నీ, తాడు మీద ఆమె చోటునీ, మూటకట్టినట్టు పట్టుకుపోయింది బయలు. అంతకన్నా పెద్ద చావు లేదు.

భయంగా ఉందా? నా చెయ్యి పట్టుకో. ఆపెయ్యమంటావా? మరి ఊఁ కొట్టు.

ఆ తర్వాత మూడోసారి వచ్చింది. ఈసారి ఊళ్ళోకి వెళ్ళలేదు. నేరుగా ఖాళీ చోటు ఎవరిదో వాళ్ళ ఇంటికే వచ్చింది.

గవ్వ పొద్దున్నే లేచి వాళ్ళమ్మని తలుచుకుందామనుకుంది. మొహం రాలేదు. ముక్కు ఎలా ఉండేది? తెలీదు. పొడుగా పొట్టా? తెలీదు. పేరు అనబోతే నోట్లో ఏమీ లేదు. పరుగెత్తుకుంటూ కొలిమి దగ్గరికి వెళ్ళింది, మావా, అమ్మ పేరు చెప్పు అంది. మాదయ్య తిత్తులు ఊదడం ఆపి, నవ్వుమొహంతో దాని గడ్డం పట్టుకుని చూశాడు.

"నువ్వెవరి పిల్లవే?"

మేనకోడల్ని, నీ చెల్లెలి కూతుర్ని అంది గవ్వ. నాకు చెల్లెలెక్కడుందే పిచ్చిదానా అన్నాడు మాదయ్య. ఎగతాళి కాదు. అతని కళ్ళ వాపు కూడా తీసేసినట్టు పోయింది.

అప్పుడు గవ్వ అమ్మలో ఇంకేం మిగిలిందా అని లోపల్లోపల వెతుక్కుంది. ఒక్కటే మిగిలింది. ఆ రోజు తాడు భుజాన వేసుకుని గుమ్మం దాటుతూ వాళ్ళమ్మ అన్న ఒక మాట. మనిషి లేదు, గొంతు లేదు, మాట ఒక్కటీ ఉంది. అది కూడా చివర్నించి జారిపోతున్నట్టుంది. గవ్వ ఆ మాటని పైకి అనుకుంటూ, మళ్ళీ మళ్ళీ అనుకుంటూ, ఒళ్ళో మూట పట్టుకుని పరుగెత్తింది.

ఏం మాట అంటావా? ఆగు. అది చెప్తే కథ అయిపోతుంది.

ఊరికంతటికీ పెద్దది సోలవ్వ. కంచు కాచీ కాచీ ఆమె చేతుల మీద మచ్చ లేని చోటు లేదు. గవ్వ వెళ్ళి ఆమె ముందు మూట విప్పింది. విప్పి, అలాగే ఉండిపోయింది.

గంట గంటలా లేదు. ఇన్నాళ్ళూ ఒంటి వేడికి మైనం మెత్తబడిపోయింది. ఒకవైపు అణిగిపోయింది. భుజం మీద వాళ్ళమ్మ వేళ్ళు లేవు. ఎక్కడ చూసినా గవ్వ వేళ్ళే, పట్టుకున్నవీ, హత్తుకున్నవీ.

సోలవ్వ దాన్ని ముట్టుకోలేదు. ఇంకొకళ్ళ మైనాన్ని సరిచెయ్యకూడదు, అది ఆ ఊరి కట్టు.

"ఎవరిదే ఇది?"

"మా అమ్మది."

"పేరు?"

"తెలీదవ్వా."

"మరి గుర్తేముంది?"

"ఒక మాట ఉంది."

సోలవ్వ ఒకసారి బయలు వైపు చూసింది. తర్వాత గవ్వని పక్కన కూర్చోబెట్టుకుని, ఎవరికీ చెప్పని సంగతి ఒకటి చెప్పింది. అది ఆమెకి వాళ్ళవ్వ చెప్పిందట.

లోకం పుట్టకముందు ఏమీ లేదంటారు కదా అందరూ. ఏమీ లేకపోవడం మొదట్నించీ ఉండదే అంది సోలవ్వ. ఈ చాప మీద ఏనుగు లేదు, అందుకని ఏనుగు కోసం ఎవరైనా ఏడుస్తున్నారా? ఉన్నవాళ్ళు లేచి వెళ్ళిపోతేనే ఆ చోటు ఖాళీ అవుతుంది. లోకానికి ముందు అంత పెద్ద ఖాళీ ఉందంటే, దానికి ముందు ఎవరో ఉండి ఉండాలి. ఎవరో తెలీదు. ఆడో మగో, దేవుడో కాదో తెలీదు. మైనంలా కరిగి కారిపోయారు. వాళ్ళ ఆకారం అలాగే ఖాళీగా ఉండిపోయింది. ఆ ఖాళీలోనే ఈ నేలనీ, నీళ్ళనీ, మననీ పోశారు. మనమంతా పోయినవాళ్ళ అచ్చులో బతుకుతున్నాం. లోపలున్నాం కాబట్టి ఆ ఆకారం ఏమిటో మనకి కనపడదు.

మరి బయలేమిటి అని అడిగింది గవ్వ.

కరిగిపోయిన ఆ మైనమే అంది సోలవ్వ. తన ఆకారం తనకి గుర్తు లేదు. గంట మోగితే ఆగి వింటుంది, ఇది నాదేమో అని. చప్పుడు లేని చోట లోపలికొచ్చి, దొరికినదాన్ని హత్తుకుంటుంది, ఇది నేనేమో అని. హత్తుకున్నదల్లా చెరిగిపోతుంది.

"దానికి ఆకలి అనుకుంటారు అందరూ. ఆకలి కాదే, బెంగ."

గవ్వ తన ఒళ్ళోని సొట్ట ముద్ద వైపు చూసుకుంది.

ఆ తర్వాత తనే లేచి దానికి మట్టి పూసింది. మెత్తటి మట్టి ఒక పూత, ఊక కలిపిన మట్టి ఒక పూత, పైన గట్టి మట్టి ఒక పూత. ఎండలో ఆరబెట్టింది. అంచు దగ్గరే నిప్పులు పోసి, వాటి మీద పెట్టింది. మైనం కరిగింది. తేనె వాసన వచ్చింది. కన్నంలోంచి సన్నగా దారంలా కారి, అంచు దాటి, బయల్లోకి పోయింది. పడిన చప్పుడు రాలేదు. పడడానికి అడుగేదీ, చప్పుడు రావడానికి?

మాదయ్య మూసలో కంచు కాచి తెచ్చాడు. ఎవరి గంటో అతనికి తెలీదు పాపం. ఊళ్ళో పని, చేస్తున్నాడు. పొయ్యబోతుంటే గవ్వ చెయ్యి అడ్డం పెట్టి, ఒక్క నిమిషం ఆగు మావా అంది. మట్టి అచ్చు ఇంకా కాలుతోంది. దాని కన్నానికి దగ్గరగా నోరు పెట్టి, ఆ ఖాళీలోకి, వాళ్ళమ్మ అన్న మాటని అంది. ఒక్కసారే. అప్పుడు కంచు పోశారు.

చల్లారాక పగలగొట్టారు. సొట్ట గంట. ఒకవైపు అణిగి, ఒంటి నిండా చిన్న చిన్న వేళ్ళ గుర్తులు. నాలుక కట్టి తాడుకి వేలాడదీశారు. గాలి వచ్చింది. మిగతా గంటలు ఖంగుమన్నాయి. ఇది మటుకు చెంబు మీద గరిటె తగిలినట్టు మోగింది. వాళ్ళమ్మ గొంతు ఏమాత్రం కాదు. అసలు గొంతెలా ఉండేదో గవ్వకి మాత్రం ఏం తెలుసు కనక.

కానీ బయలు ఆగింది. ఆగి, చాలాసేపు విన్నది.

గవ్వ అక్కడే కూలబడి ఏడ్చింది. కన్నీళ్ళు పెదాల మీదికి వచ్చాయి. ఉప్పగా ఉన్నాయి. ఊళ్ళోకి ఉప్పు అలా తిరిగొచ్చింది.

అదొక్కటే వచ్చింది పిట్టా. పోలి రాలేదు. ఆ పొయ్యి ఎవరిదో తెలీక, చలికాలం ఊరంతా దాంట్లో నాలుగు పుల్లలేసుకుని చేతులు కాచుకునేవాళ్ళు. ముత్తెమ్మ మొహం రాలేదు, పేరు రాలేదు. మాదయ్యకి చెల్లెలు గుర్తు రాలేదు. కానీ అమ్మలేని పిల్ల కదా అని గవ్వని తెచ్చి ఇంట్లో పెట్టుకున్నాడు. ఊళ్ళో పిల్లలు సొట్టగంట పిల్లా అని వెక్కిరించేవాళ్ళు. అది పట్టించుకునేది కాదు. పెద్దయి తాడు పని అందుకుంది. రోజూ అంచు మీద నడుస్తూ అన్ని గంటల్నీ పలకరించేది. ఆ ఒక్క గంట దగ్గరికి వచ్చేసరికి మటుకు ఏమీ మాట్లాడేది కాదు, నిలబడి వినేది. అవతల ఏమీ లేనిదీ, ఇవతల గవ్వా, ఇద్దరూ వినేవాళ్ళు.

లోకం మొదట్లో, ఆ కరిగిపోయినవాళ్ళు కూడా వెళ్తూ వెళ్తూ ఏదో ఒక మాట అనే ఉంటారు, అది కూడా ఎక్కడో మోగుతూనే ఉంటుంది అనుకునేది గవ్వ. ఏమని ఉంటారో మరి. నాకూ అంతే, గాలికి తలుపు కొట్టుకుంటే అదేనేమో అనిపిస్తుంది ఒక్కోసారి.

కథేమో కంచి దారి పట్టె,
పిట్టేమో గూటి దారి పట్టె.

కళ్ళు మూసుకో. ఏం, ఇంకా ఏంటి? ఆ మాటా? మర్చిపోలేదన్నమాట నువ్వు. పెద్ద మాటేం కాదే. తాడు భుజాన వేసుకుని, గుమ్మం దాటుతూ, వెనక్కి తిరక్కుండానే అంది ముత్తెమ్మ.

"అన్నం మీద మూత తియ్యకే, చల్లారిపోతుంది. నేనొచ్చాక ఇద్దరం తిందాం."